పతకం మీద ఒక్క పేరు: ఎల్లో ఫీవర్ టీకాకు వచ్చిన నోబెల్

(మెడికల్ ల్యాబ్ టెక్నాలజీ విద్యార్థుల బహుమతి ప్రదాన సభలో చేసిన ప్రసంగ పాఠం)

అందరికీ నమస్కారం. ఇవాళ బహుమతులు అందుకుంటున్న పిల్లలకు, వాళ్లను ఇక్కడిదాకా తెచ్చిన అమ్మానాన్నలకు ముందుగా అభినందనలు.

ఒక చిన్న పుస్తకం తెచ్చాను. ముందు వరుసలో వాళ్లు చూసి వెనక్కి పంపండి. జాగ్రత్తమ్మా, చివరికి నా చేతికి తిరిగి రావాలి. అట్ట పసుపు రంగులో ఉంటుంది. లోపల ఒక పేజీలో నా పేరు, టీకా వేసిన తేదీ, బ్యాచ్ నంబరు, డాక్టరుగారి సంతకం, ఒక ముద్ర ఉన్నాయి. ఉగాండాలో ల్యాబ్ పని నేర్పడానికి రెండేళ్లు వెళ్లాల్సి వచ్చినప్పుడు హైదరాబాద్ నారాయణగూడలో ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ ప్రివెంటివ్ మెడిసిన్‌లో వేయించుకున్నాను. ఎల్లో ఫీవర్ టీకా. ఈ కాగితం లేకుండా ఆఫ్రికాలో చాలా దేశాల్లోకి రానివ్వరు. అక్కడి నుంచి తిరిగి వచ్చేటప్పుడు మన ఎయిర్‌పోర్టులో కూడా ఇదే అడుగుతారు. లేకపోతే ఆరు రోజుల దాకా క్వారంటైన్‌లో ఉంచుతారు.

ఎందుకంత కట్టుదిట్టం? మన దేశంలో ఎల్లో ఫీవర్ లేదు, ఎప్పుడూ వచ్చినట్టు దాఖలా లేదు. కానీ దాన్ని మోసే దోమ మాత్రం మన ఇంట్లోనే ఉంది. కూలర్ నీళ్లలో, పాత టైర్లలో, పూలకుండీ కింద పళ్లెంలో పెరిగే ఈడిస్ ఈజిప్టై. మనకు డెంగీ తెచ్చేది కూడా అదే. దోమ సిద్ధంగా ఉంది, రోగం ఎప్పుడూ పడని జనం సిద్ధంగా ఉన్నారు, వైరస్ ఒక్కటే రాలేదు. ఆ ఒక్కటి రాకుండా ఆపే ఏర్పాట్లలో ఈ పసుపు పుస్తకం ఒకటి.

మీ ప్రిన్సిపాల్ గారు ఏదైనా అవార్డు గురించి మాట్లాడమన్నారు. ఈ టీకాకు వచ్చిన అవార్డు గురించే చెబుతాను. 1951లో వైద్యశాస్త్రంలో నోబెల్ బహుమతి మాక్స్ థైలర్ అనే ఆయనకు ఇచ్చారు, ఆయన ఒక్కరికే. ఎల్లో ఫీవర్ గురించి, దాన్ని ఎదుర్కొనే దారి గురించి ఆయన కనిపెట్టిన విషయాలకు. ఒక వైరస్ జబ్బుకు టీకా తయారుచేసిన మనిషికి నేరుగా నోబెల్ రావడం అదే మొదటిసారి. తర్వాత చాలా దశాబ్దాలు అలాంటిది ఇంకొకటి రాలేదు. 2023లో కటాలిన్ కరికోకు, డ్రూ వైస్‌మన్‌కు కలిపి ఇచ్చినప్పుడు కూడా, ఎంఆర్‌ఎన్‌ఏ టీకాలకు దారి తీసిన రసాయన మార్పు కనిపెట్టినందుకు ఇచ్చారు.

ఆ పతకం వెనక ఉన్న మనుషుల గురించి ఇవాళ చెప్పాలని వచ్చాను. అందులో చాలామంది మీలాంటి వాళ్లే. పిపెట్ పట్టుకున్నవాళ్లు, రక్తం తీసినవాళ్లు, రక్తం ఇచ్చినవాళ్లు.

ముందు ఈ జబ్బు ఎంత భయపెట్టిందో రెండు ముక్కలు. జ్వరం, ఒళ్లునొప్పులు. మూడు నాలుగు రోజులకు తగ్గినట్టు ఉంటుంది. కొందరికి మళ్లీ తిరగబెట్టి కాలేయం దెబ్బతింటుంది, కళ్లు పచ్చబడతాయి, కడుపులో రక్తం కారి నల్లగా వాంతి అవుతుంది. 1793లో అమెరికాలోని ఫిలడెల్ఫియా నగరంలో ఒక్క సీజన్‌లో దాదాపు 5,000 మంది పోయారు. అప్పటి ఊరి జనాభాలో అది పదో వంతు. ఫ్రెంచివాళ్లు పనామా కాలువ తవ్వబోయి చేతులెత్తేయడానికి ఈ జ్వరం, మలేరియా పెద్ద కారణాలు. దోమ వల్ల వస్తుందని 1881లో క్యూబా డాక్టర్ కార్లోస్ ఫిన్లే చెబితే ఎవరూ పట్టించుకోలేదు. 1900లో అమెరికా సైన్యం డాక్టరు వాల్టర్ రీడ్ బృందం హవానాలో రుజువు చేసింది. ఆ బృందంలోని జెస్సీ లేజియర్ దోమకాటుకు జ్వరం వచ్చి అక్కడే చనిపోయాడు.

దోమ దొరికింది సరే, దోమలో ఉన్నదేమిటి? అది ఇంకో పాతికేళ్ల దాకా తేలలేదు.

ఇక్కడే నేను ఎప్పుడూ ఆగిపోయే చోటు వస్తుంది. 1927 జూన్ 30. ఇప్పటి ఘనా దేశం, అప్పట్లో గోల్డ్ కోస్ట్. క్పేవే అనే ఊరు. 28 ఏళ్ల యువకుడు, పేరు అసిబి. జ్వరంతో ఉన్నాడు. రాక్‌ఫెల్లర్ ఫౌండేషన్ పంపిన ఎల్లో ఫీవర్ కమిషన్‌లోని డాక్టర్ మహాఫీ ఆ అబ్బాయి చేతి నుంచి కాస్త రక్తం తీసి, ఆ రక్తాన్ని ఒక రీసస్ కోతికి ఎక్కించారు. అంతకుముందు ఆఫ్రికా కోతుల మీద ఎన్నిసార్లు ప్రయత్నించినా వాటికి జబ్బు రాలేదు. తరతరాలుగా ఆ వైరస్ మధ్య బతికిన జాతులవి. రీసస్ మన వైపు కోతి. దాని ఒంటికి ఆ వైరస్ పూర్తిగా కొత్త. అది జబ్బుపడి చచ్చిపోయింది. ఇందాక మన దోమ, మన జనం గురించి చెప్పింది ఒకసారి గుర్తుచేసుకోండి.

అసిబికి తగ్గిపోయింది. జ్వరం పెద్దగా ముదరలేదు. కానీ ఆయన రక్తంలో ఆ రోజు ఉన్న వైరస్ ఇప్పటికీ ఉంది. ల్యాబుల్లో దాని పేరు అసిబి స్ట్రెయిన్. మీరు తిప్పుతున్న ఆ పుస్తకంలో రాసిన బ్యాచ్ కూడా ఆ వైరస్ సంతానమే. ఈ నూరేళ్లలో ప్రపంచమంతా వేసుకున్న 60 కోట్లకు పైగా డోసులు ఆ ఒక్క మనిషి చేతి నుంచి తీసిన రక్తం దగ్గర మొదలయ్యాయి.

మరి ఆ రక్తంతో పనిచేసినవాళ్లు? ఏడ్రియన్ స్టోక్స్ అని ఐర్లండ్ పాథాలజిస్ట్. ఈ కోతి ప్రయోగాల్లో ముఖ్యమైనవాడు. మూడు నెలలు తిరక్కుండానే, 1927 సెప్టెంబరులో, లాగోస్‌లో ఆయనకే జబ్బు సోకింది. సోకిన కోతుల రక్తం ముట్టుకోవడం వల్లే సోకి ఉంటుందని అనుకుంటారు. మంచంలో ఉండి కూడా తన రక్తం తీసి కోతులకు ఎక్కించి చూడమన్నాడు. చనిపోయాడు. మరుసటి ఏడాది మే నెలలో హిదేయో నొగుచి, జపాన్ శాస్త్రవేత్త, ఆక్రాలో పోయాడు. ఎల్లో ఫీవర్‌కి కారణం ఒక బ్యాక్టీరియా అని ఆయన ఏళ్ల తరబడి నమ్మాడు. అది తప్పని తేలుతున్న సమయంలో స్వయంగా తేల్చుకుందామని ఆఫ్రికా వెళ్లాడు. మొన్నమొన్నటి దాకా జపాన్ వెయ్యి యెన్‌ల నోటు మీద బొమ్మ ఆయనదే. ఆయన శవపరీక్షలో పాల్గొన్న విలియం యంగ్ కొద్ది రోజులకే అదే జబ్బుతో పోయాడు. ఇవి పైకి తెలిసిన పేర్లు. ఆ నాలుగైదేళ్లలో ల్యాబుల్లో పనిచేస్తూ ఈ వైరస్ అంటించుకున్నవాళ్లు ముప్పై మంది దాకా ఉన్నారు.

అలా అంటించుకుని బతికినవాడు థైలర్.

ఆయన 1899లో దక్షిణాఫ్రికాలోని ప్రిటోరియాలో పుట్టాడు. తండ్రి ఆర్నాల్డ్ థైలర్ పశువుల జబ్బుల మీద పేరున్న శాస్త్రవేత్త. కొడుకు లండన్‌లో వైద్యం చదివాడు. ఎండీ డిగ్రీ లేదు. 1922లో అమెరికా వెళ్లి హార్వర్డ్‌లో చేరాడు. 1929లో ల్యాబ్‌లోనే ఎల్లో ఫీవర్ వచ్చింది, కోలుకున్నాడు, ఇక ఆయనకు ఆ వైరస్ భయం లేదు.

ఆయన చేసిన మొదటి పెద్ద పని టీకా కాదు, చిట్టెలుక. నా దృష్టిలో ఆ నోబెల్‌కి సగం అర్హత ఆ చిట్టెలుకతోనే వచ్చింది. అప్పటిదాకా ఈ వైరస్ మీద ఏ పరీక్ష చేయాలన్నా రీసస్ కోతులు కావాలి. ఒక్కో కోతిని సముద్రాలు దాటించి తేవాలి, మేపాలి, కట్టెయ్యాలి. ఒక పరీక్షకు రెండు మూడు కోతులకు మించి వాడలేరు. ఎలుకకు సూది వేస్తే జబ్బు రాదని అందరూ వదిలేశారు. థైలర్ ఆ వైరస్‌ను ఎలుక మెదడులోకి ఎక్కించాడు. జబ్బు వచ్చింది. 1930లో ఈ సంగతి ప్రచురించాడు. అదే ఏడాది న్యూయార్క్‌లోని రాక్‌ఫెల్లర్ ల్యాబులకు మారాడు.

దాని ఫలితం ఏమిటంటే, ఒక కోతి ఖర్చుతో ఇప్పుడు వందల ఎలుకలు. ఒక మనిషి సీరం, అంటే రక్తం గడ్డకట్టాక పైన మిగిలే పలచటి ద్రవం తీసి, వైరస్‌తో కలిపి, ఎలుకకు ఎక్కించి చూడవచ్చు. ఎలుక బతికితే ఆ సీరం వైరస్‌ను అడ్డుకుందన్నమాట, అంటే ఆ మనిషికి గతంలో ఎల్లో ఫీవర్ వచ్చిపోయిందని అర్థం. ఊరూరా రక్తం శాంపిళ్లు తీసి, ప్రపంచంలో ఈ జబ్బు ఎక్కడుంది, ఎక్కడ లేదు అని మ్యాప్ గీశారు. ఇవాళ ఏ దేశం నుంచి వస్తే కార్డు అడగాలో చెప్పే జాబితాలకు మూలం ఆ మ్యాపులే.

ఇప్పుడు టీకా. ఇది చెప్పడానికి మన వంటింట్లోకి వెళ్దాం.

పాలు తోడు వేయడం మీ అందరికీ తెలుసు. నిన్నటి పెరుగులో కాస్త తీసి ఇవాళ్టి పాలల్లో కలుపుతాం. రేపు దీన్నుంచి ఎల్లుండికి. రోజూ అదే తోడు అనుకుంటాం కానీ, కొన్నాళ్లకు పెరుగు రుచి మారిపోతుంది. పుల్లబడుతుంది, లేదా జిగురు కడుతుంది. పాలు మారినా, గిన్నె మారినా, వేడి మారినా లోపలి సూక్ష్మజీవుల్లో కొన్ని గెలుస్తాయి, కొన్ని ఓడిపోతాయి. ల్యాబ్‌లో మీరు పాసేజ్ అనేది సరిగ్గా ఇదే. థైలర్, ఆయన తోటివాళ్లు చేసిందీ ఇదే. అసిబి వైరస్‌ను ఒక సీసాలో పెంచడం, కొద్ది రోజులకోసారి అందులోంచి కాస్త తీసి తాజా కణజాలంలో కలపడం. ముందు ఎలుక పిండం కణజాలంలో. తర్వాత కోడి పిండంలో. ఆ తర్వాత మెదడు, వెన్నుపాము తీసేసిన కోడి పిండంలో.

మెదడు ఎందుకు తీసేశారు? ఎలుక మెదడులో పెంచిన వైరస్‌కు ఒక చెడ్డ అలవాటు పట్టుకుంది. కాలేయం మీద కోపం తగ్గింది గానీ, నరాల మీద కోపం పెరిగింది. అలాంటి వైరస్‌తో టీకా వేస్తే కొందరికి మెదడువాపు వచ్చే ప్రమాదం ఉంది. నరాల కణజాలమే అందకుండా పెంచితే ఆ కోపం కూడా తగ్గుతుందా అని చూశారు. ఇలాంటి ప్రయోగాల వరుసలకు నంబర్లు పెట్టుకున్నారు. పదిహేడో వరుసలో, మెదడు తీసేసిన కోడి పిండం రకానికి డి అని గుర్తు. అదే 17డి. ఇవాళ్టికీ టీకా పేరు అదే.

వంద పాసేజ్‌లకు కాస్త అటూ ఇటూ, 89కి 114కి మధ్య ఎక్కడో, ఆ వైరస్ మారిపోయింది. కోతికి ఎక్కిస్తే జబ్బు రాలేదు, రక్షణ మాత్రం వచ్చింది. ఎందుకు మారిందో థైలర్‌కు తెలియదు. మళ్లీ అదే పద్ధతిలో చేస్తే మళ్లీ రాలేదు. కొందరు అందుకని దీన్ని అదృష్టం అంటారు. నేను ఒప్పుకోను. అదృష్టం ఏ రోజు తలుపు తడుతుందో తెలియనప్పుడు, వంద రోజులూ తలుపు దగ్గర కూర్చున్నవాడికే అది దొరుకుతుంది. ప్రతి దశలో కోతుల మీద, ఎలుకల మీద పరీక్ష పెట్టకపోయి ఉంటే, ఆ మార్పు వచ్చినా ఎవరికీ తెలిసేది కాదు. సీసా కడిగేసి ఉండేవాళ్లు. మీరు రోజూ కంట్రోల్, అంటే ఫలితం ముందే తెలిసిన శాంపిల్ పెట్టేటప్పుడు విసుగొస్తుందని నాకు తెలుసు. అదే ఫలితం, అదే రిజిస్టరు. ఆ విసుగులో కూడా రాసిపెట్టినవాళ్ల వల్లే 17డి మనకు మిగిలింది.

1937లో థైలర్, హ్యూ స్మిత్ కలిసి ఫలితాలు ప్రచురించారు. స్మిత్ ఆ వైరస్‌ను బ్రెజిల్ తీసుకెళ్లాడు. ఆ వేడిలో, కోడిగుడ్లు తెచ్చి, రియో డి జనీరోలో టీకా తయారీ మొదలుపెట్టించాడు. 1938 ముగిసేలోపు అక్కడ పది లక్షల మందికి పైగా టీకా వేశారు. మొదటి వ్యాసం మీద రెండు పేర్లు ఉన్నాయి. పతకం మీద ఒక్కటే ఉంది. నోబెల్ ముగ్గురి దాకా పంచవచ్చు, ఇంకో ఇద్దరికి చోటుంది. స్మిత్‌కు ఇవ్వకపోవడం తప్పని నా అభిప్రాయం. థైలర్ అర్హతలో నాకు ఏ అనుమానమూ లేదు. కానీ ల్యాబ్‌లో పుట్టిన వైరస్‌ను ఊళ్లో మనుషుల చేతికి చేర్చడం కూడా ఆవిష్కరణే. అది సైన్స్ కాదు, వట్టి పంపిణీ అనుకునే అలవాటు ఇప్పటికీ పోలేదు.

థైలర్‌కు ఇచ్చిన మూడేళ్లకు, 1954లో, ఇదే నోబెల్ విషయంలో ఇంకో రకంగా జరిగింది. పోలియో వైరస్‌ను నరాల కణాలు కాకుండా వేరే కణాల్లో పెంచవచ్చని జాన్ ఎండర్స్ ల్యాబ్ చూపించింది. దాని మీదే తర్వాత పోలియో టీకాలు వచ్చాయి. ఇస్తే నాతోపాటు పనిచేసిన వెల్లర్‌కు, రాబిన్స్‌కు కూడా ఇవ్వాలని ఎండర్స్ పట్టుబట్టాడు. ముగ్గురికీ ఇచ్చారు. ఆ పని చేసిన రోజుల్లో ఆ ఇద్దరూ ఆయన ల్యాబ్‌లో కుర్రవాళ్లు. ఎండర్స్ అంటే నాకు చాలా గౌరవం.

మంచి మాత్రమే చెప్పి కూర్చుంటే మీకు అబద్ధం చెప్పినట్టు అవుతుంది. ఈ టీకా వల్ల పెద్ద నష్టం కూడా జరిగింది. మొదట్లో టీకా వైరస్ చెడిపోకుండా ఉండాలని అందులో మనిషి సీరం కలిపేవారు. 1942లో అమెరికా సైన్యంలో లక్షల మందికి టీకా వేశారు. కొన్ని నెలలకు కామెర్లు మొదలయ్యాయి. దాదాపు 50,000 మంది సైనికులు జబ్బుపడ్డారు. కలిపిన సీరంలో, రక్తం ఇచ్చినవాళ్లలో ఎవరికో ఉన్న హెపటైటిస్ బి వైరస్ ఉంది. అప్పటికి ఆ వైరస్‌కు పేరు కూడా లేదు. బ్రెజిల్‌లో ఇలాంటి కామెర్లు ముందే కనిపించి, అక్కడ సీరం కలపడం 1940లోనే ఆపేశారు. ఆ హెచ్చరికను సమయానికి తీసుకోలేకపోయారు.

ఇది చెబుతుంటే నాకు నా మొదటి ఉద్యోగం గుర్తొస్తుంది. ఆ ల్యాబ్ పేరు అనవసరం. గ్లౌజులు రోజుకు ఒక జత, అదీ కడుక్కుని మళ్లీ వేసుకోవాలి. సీరాన్ని నోటితో పిపెట్‌లోకి పీల్చేవాళ్లం. నాతో పాటు పక్క బెంచీ మీద పనిచేసే అక్కకు కళ్లు పచ్చబడ్డాయి. హెపటైటిస్ బి. పసరు మందు తాగమని ఊరంతా చెప్పారు. మూడు నెలలు సెలవు పెట్టింది, జీతం కట్. ఏ బెంచీ మీద అంటుకుందో అందరికీ తెలుసు, ఎవరూ కాగితం మీద రాయలేదు. 1997లో హైదరాబాద్‌లో శాంతా బయోటెక్నిక్స్ హెపటైటిస్ బి టీకా తయారుచేసి తక్కువ ధరకు తెచ్చినప్పుడు, నేను వరుసలో నిలబడి వేయించుకున్నాను. దాన్ని స్థాపించిన వరప్రసాద్ రెడ్డి గారికి 2005లో పద్మభూషణ్ వచ్చిన రోజు ఆ అక్కకు ఫోన్ చేశాను. చాలాసేపు మాట్లాడుకున్నాం.

బ్రెజిల్‌లో ఇంకో దెబ్బ తగిలింది. తోడు వేస్తూ వేస్తూ పోతే పెరుగు మారిపోతుందన్నాను కదా. 17డిని కూడా అలా పాసేజ్ మీద పాసేజ్ చేస్తూ పోయారు. 1941లో ఒక రకం నుంచి తయారైన టీకా వల్ల కొందరికి మెదడువాపు వచ్చింది. అప్పుడు ఒక నియమం పెట్టుకున్నారు. మొదటి మంచి తోడును పెద్ద మొత్తంలో తీసి, గడ్డకట్టించి దాచుకోవాలి. దాన్నుంచి రెండో విడత తోడు, దాన్నుంచి టీకా, అంతే. నిన్నటి టీకా నుంచి ఇవాళ్టి టీకా చేయకూడదు. ప్రతిసారీ మొదటి గిన్నె దగ్గరికే వెళ్లాలి. దీన్ని సీడ్ లాట్ పద్ధతి అంటారు. ఇవాళ ప్రపంచంలో ఏ టీకా ఫ్యాక్టరీకి వెళ్లినా, మన హైదరాబాద్ జీనోమ్ వ్యాలీకి వెళ్లినా ఈ పద్ధతే. దీనికి ఎవరికీ అవార్డు రాలేదు. నన్ను అడిగితే, దీని వల్ల బతికినవాళ్లు పతకాలకెక్కిన చాలా ఆవిష్కరణల వల్ల బతికినవాళ్లకంటే తక్కువేమీ కాదు.

టీకా ఇప్పటికీ కోడిగుడ్లలోనే తయారవుతుంది. అందుకే అవసరం పెరిగినప్పుడు వెంటనే ఎక్కువ చేయలేరు. 2016లో అంగోలాలో, కాంగోలో జబ్బు ప్రబలినప్పుడు నిల్వలు చాలలేదు. కాంగో రాజధాని కిన్షాసాలో ఒక డోసును అయిదు భాగాలు చేసి, అయిదో వంతు మాత్రమే వేస్తూ లక్షల మందిని కాపాడుకోవాల్సి వచ్చింది. అదే ఏడాది జులై నుంచి ఇంకో మార్పు కూడా వచ్చింది. ఈ కార్డు అంతకుముందు పదేళ్లకే చెల్లేది. ఇప్పుడు ఒక్క డోసు వేసుకుంటే జీవితాంతం చెల్లుతుంది. కాబట్టి నా పుస్తకం నాతోనే ఉంటుంది, ముందు మీరు నాకు తిరిగి ఇస్తే.

నారాయణగూడలో నాకు టీకా వేసిన రోజు సంగతి చెప్పి ముగిస్తాను. ఉదయం వెళితే కూర్చోమన్నారు. ఒక్కో చిన్న మందు సీసాలో, అంటే వయల్‌లో చాలామందికి సరిపడా మందు ఉంటుంది. కలిపాక ఆరు గంటల్లోపు వాడేయాలి, మిగిలితే పారేయాలి. అందుకని తగినంత మంది వచ్చేదాకా తెరవరు. నా పక్కన టాంజానియా వెళ్తున్న ఒక వడ్రంగి, కెన్యాలో కూతురి పురిటికి వెళ్తున్న కరీంనగర్ అమ్మ, ఇంకా నలుగురైదుగురు. ఆ అమ్మకు అరవై దాటాయి. సిస్టర్ ఆమెను విడిగా డాక్టరుగారి దగ్గరికి తీసుకెళ్లి, అన్నీ అడిగి, ఆయన సరేనన్నాకే తీసుకొచ్చారు. అప్పుడు ఫ్రిజ్ తెరిచి వయల్ బయటికి తీశారు. అడుగున తెల్లటి పొడి, అంతే. పొడిని కరిగించే నీళ్లు కలిపి మెల్లగా తిప్పారు. గడియారం చూసి వయల్ మీద టైమ్ రాశారు.

ఆ పొడి వంక చూస్తూ నేను పక్కనున్న అమ్మకు అసిబి గురించి చెప్పాను. ఘనాలో ఒక అబ్బాయి, జ్వరం, చేతి నుంచి తీసిన రక్తం. ఆమె అంతా విని, "ఆ పిల్లగాడు బతికిండా?" అని అడిగింది. బతికాడమ్మా అన్నాను. "మంచిగైంది" అని, చీర కొంగు సర్దుకుని, చెయ్యి చాపింది.